ఆవిడ ముఖానికి నేను వేసిన వయసు

మా ఇల్లు జురాంగ్ వెస్ట్‌లో, ఆఫీసు చాంగీ బిజినెస్ పార్క్‌లో. సింగపూర్ ద్వీపానికి ఈ కొసన ఒకటి, ఆ కొసన ఒకటి. పదమూడేళ్లుగా రోజూ ఆ కొసకు పోయి ఈ కొసకు వస్తున్నాను. బ్యాంకు సాఫ్ట్‌వేర్‌లో తప్పులు వెతికి పట్టుకోవడం నా ఉద్యోగం. ముఖాలకు రంగులు వేయడం మాత్రం ఎవరూ నేర్పకుండానే అంటుకున్న పిచ్చి. నిజామాబాద్‌లో మా వాడకట్టులో పెళ్లికూతుళ్లకు కాటుక పెట్టేది నేనే. ఇక్కడికి వచ్చాక తెలుగువాళ్ల పండగ కార్యక్రమాల్లో డాన్సు చేసే పిల్లలకు మేకప్ వేసే పని నా మీద పడింది. పడిందనడం అబద్ధం, నేనే మీదేసుకున్నాను.

ఒక ఉగాదికి ఎనిమిదేళ్ల పాపను ముస్తాబు చేస్తున్నాను. చామనఛాయ పిల్ల, పెద్ద కళ్లు. కొంచెం తెల్లగా కనబడేట్టు వేయమని వాళ్లమ్మ పక్కన నిలబడి చెప్పింది. నాకూ అదే అలవాటు. వేశాను. స్టేజి మీద లైట్లు పడేసరికి ఆ పిల్ల ముఖం విభూది పూసినట్టు బూడిదరంగుకు తిరిగింది. మెడ ఒక రంగు, ముఖం ఒక రంగు. ఫొటోలు చూసుకుని ఆ పిల్ల ఏడ్చిందనీ, వాటిని ఎవరికీ చూపొద్దని పట్టుబట్టిందనీ తరువాత తెలిసింది. వారం రోజులు నాకు అన్నం సయించలేదు. సరిగ్గా నేర్చుకోవాలి, లేదంటే మానెయ్యాలి అనుకున్నాను.

ఆంగ్ మో కియోలో ఒక జపాన్ పెద్దావిడ తన ఫ్లాట్‌లోనే శనివారాలు మేకప్ నేర్పుతుందని నా పక్క సీటు చైనా అమ్మాయి చెప్పింది. ఆవిడ ఒకప్పుడు సినిమాల్లో వేషాలు వేసిందట. జురాంగ్ ఈస్ట్‌లో రైలు మారి, ఉత్తరంగా చుట్టు తిరిగి పోయే రెడ్ లైన్‌లో కూర్చుని వెళ్లాను. సినిమా మనిషి అంటే ఎలా ఉంటుందో అని ఊహించుకుంటూ పోతే, తలుపు తీసింది ఒక సన్నటి, పొట్టి మనిషి. డెబ్బై ఆరేళ్లు. తెల్ల జుట్టు చెవుల దాకా కత్తిరించి ఉంది. ముఖాన పౌడరు కూడా లేదు. మిగతా ముగ్గురు విద్యార్థులు ఆవిడను సెన్సే అని పిలిచేవాళ్లు, వాళ్ల భాషలో టీచరని అర్థం. నా నోటికి ఆంటీ అనే వచ్చింది. ఆవిడ దానికీ పలికింది.

ఆవిడది పొట్టి పొట్టి వాక్యాల ఇంగ్లిషు. తిట్టినా మెచ్చుకున్నా నాలుగు మాటలకు మించేది కాదు. మొదటిరోజు నా ముఖం కడుక్కుని రమ్మని, కిటికీ దగ్గర కూర్చోబెట్టి, ఈ ముఖంలో ఎన్ని రంగులున్నాయని అడిగింది. ఒకటే, నలుపు అన్నాను. ఆవిడ తన ఎడమ చేతి వెనకభాగం మీద చిన్న చిన్న చుక్కలుగా రంగులు కలపడం మొదలుపెట్టింది. చెంప మీద రాగిరంగు, కళ్ల కింద లేత ఊదా, నుదుటి మీద పసుపు, గడ్డం దగ్గర ఆకుపచ్చ జీర. కలిపిన ప్రతి చుక్కనూ తీసి నా ముఖం మీద దాని చోట అద్దింది. ఏదీ కనబడలేదు, చర్మంలో కలిసిపోయింది. పదకొండు చుక్కలయ్యాక ఆపింది. వీటిలో దేన్ని దాచాలనుకుంటున్నావు అని అడిగింది. ఆ రోజు నుంచి ఒక్క శనివారం కూడా మానలేదు.

క్లాసు అయ్యాక మిగతావాళ్లు వెళ్లిపోయేవాళ్లు. నాకు దూరం కాబట్టి ఒక టీ తాగి వెళ్లమనేది. ఆ టీల దగ్గరే ఆవిడ కథ ముక్కలు ముక్కలుగా తెలిసింది.

జపాన్‌లో ఒక రేవు పట్నం ఆవిడది. తండ్రి మంగలి, దుకాణంలో పెద్ద అద్దం ఉండేది. చిన్నప్పుడు ఆ అద్దం ముందు నిలబడి దుకాణానికి వచ్చినవాళ్లనల్లా అనుకరించేదట. పంతొమ్మిదో ఏట ఒక సినిమా కంపెనీ కొత్తవాళ్లను తీసుకుంటుంటే, అక్కయ్య తన కిమోనో ఇచ్చి రైలెక్కించింది. ఎంపికైంది. తరువాత పదమూడేళ్లు నటించింది. హీరోయిన్ చెల్లెలు, హోటల్లో సేవకురాలు, నర్సు, పడవ రేవులో చెయ్యి ఊపే అమ్మాయి. నలభైకి పైగా సినిమాలు. ఆవిడ పాత ఆల్బమ్‌లో ప్రతి ఫొటోలోనూ వేరే ఎవరో మధ్యలో ఉన్నారు, ఆవిడ ఓ అంచున ఉంది.

ముప్ఫై రెండో ఏట ఒక తల్లి పాత్ర వచ్చింది. అరవై ఏళ్ల ముసలిది. ఆ రోజు మేకప్ పెద్దాయన జ్వరంతో రాలేదు. ఇంకెవరికీ ముసలి ముఖం వేయడం చేతకాదు. ఇన్నేళ్లుగా ఆయన చేతులను అద్దంలో చూస్తూ కూర్చున్నది కాబట్టి తనే వేసుకుంటానంది. వేసుకుని సెట్టు మీదికి వెళితే అందరూ లేచి నిలబడ్డారట. షాటు అయ్యాక దర్శకుడు దగ్గరికొచ్చి, ఇంత గొప్ప మేకప్ ఎప్పుడూ చూడలేదన్నాడు. నటన గురించి ఒక్క మాట లేదు.

"ఆ సాయంత్రం ఏడ్చాను" అంది ఆవిడ. "మర్నాడు వెళ్లి, మేకప్ గదిలో పని ఇమ్మని అడిగాను."

రెండేళ్లు బ్రష్షులు కడగడం, విగ్గుల జుట్టు దువ్వడం, నేల ఊడవడం. నిన్నటిదాకా పక్కన నటించినవాళ్లు వచ్చి కుర్చీలో కూర్చుని, అద్దంలో ఆవిడ కళ్లకేసి చూడలేక తలదించుకునేవాళ్లు. వాళ్ల ఇబ్బంది పోగొట్టడానికి ఆవిడే ముందు జోకు వేసేదట. తరువాత ఆవిడ పేరు చెప్పి పిలిపించుకునే రోజులు వచ్చాయి. సింగపూర్ నుంచి షూటింగ్‌కు వచ్చిన ఒక సౌండు ఇంజనీరును పెళ్లి చేసుకుని ఇక్కడికొచ్చింది. ఇక్కడి టీవీ సీరియళ్లకు పాతికేళ్లు మేకప్ చేసింది. ఈ ఉక్కకు జిగురు కరిగి పెట్టుడు గడ్డాలు ఊడిపోతుంటే, వాటిని నిలబెట్టడం కొత్తగా నేర్చుకోవలసి వచ్చిందని నవ్వేది. భర్త పోయి ఆరేళ్లు. పిల్లలు లేరు. జపాన్‌లో అక్కయ్య ఒక్కతే ఉండేది, ఆమె కూడా కిందటేడు పోయింది.

నేను చేరిన రెండో ఏడాది ఆవిడ చేయి వణకడం గమనించాను. మొదట మా ముఖాల మీద వేసి చూపించడం మానేసింది, ఒకరికొకరు వేసుకోమంది. ఆ మాత్రం మార్పు పట్టించుకోలేదు. తరువాత టీ పోసేటప్పుడు కప్పు, సాసరు చిన్నగా టకటకలాడేవి. మనిషి కూడా చిక్కిపోయింది. చేతి గడియారం మోచేయి దాకా జారేది. నేను చూస్తున్నానని తెలిసి ఆ చేతిని ఒళ్లోకి లాక్కునేది. నేనూ చూడనట్టే ఉండేదాన్ని. వారం పొడుగునా తప్పులు పట్టడమే పనిగా ఉన్న మనిషిని, ఇది మాత్రం కనబడనట్టు ఉండిపోయాను.

ఆ రోజుల్లోనే ఒక దర్శకురాలు ఆవిడను వెతుక్కుంటూ వచ్చింది. ముప్ఫై ఏళ్ల అమ్మాయి, ఇక్కడే పుట్టి పెరిగింది. తొంభై ఏళ్ల జపాన్ ముసలావిడ పాత్ర ఉంది, మీరే వేయాలని అడిగింది. ఆవిడ కెమెరా ముందుకు వెళ్లి నలభై ఏళ్లు దాటింది. ఆలోచించి చెబుతానని టీ పోసింది. కప్పు వణికింది. ఆ అమ్మాయి దాన్నే చూస్తూ, మీ చేతులు ఆ పాత్రకు అచ్చంగా సరిపోయాయి, ఆ వణుకు అలాగే ఉంచండి, ఎంత సహజంగా ఉందో అని సంబరపడిందట. చెడ్డ ఉద్దేశంతో కాదు. ఆవిడ తల ఊపి సాగనంపింది, ఆ తరువాత ఆ అమ్మాయి ఫోన్ చేస్తే తీయలేదు.

ఈ సంగతి నాకు తెలిసిన శనివారమే ఇంకొకటి జరిగింది. చర్మం మీద ముడతలు తెప్పించే పాఠం. చర్మాన్ని వేళ్లతో సాగదీసి పట్టుకుని, పలచగా రబ్బరు పాలు పూసి, ఆరాక వదిలితే ముడతలు పడతాయి. కంటి కింద ఎలా పూయాలో ఎవరికీ రావడం లేదని ఆవిడే బ్రష్ తీసుకుంది. నేను కుర్చీలో ఉన్నాను. బ్రష్ ఒక్కసారి ఎగిరి నా కంటి కొసకు తగిలింది. కడుక్కుంటే పోయింది, ఏమీ కాలేదు. ఆవిడ మాత్రం బ్రష్ కింద పెట్టి, మిగతా ముగ్గురికీ తల వంచి దండం పెట్టి, వచ్చే వారం నుంచి క్లాసులు లేవంది.

వాళ్లు వెళ్లిపోయినా నేను కదల్లేదు.

"మా అక్కకు ఇలాగే మొదలైంది" అంది చివరికి. "చెయ్యి. తరువాత నడక. తరువాత ముఖం. మా అక్క నవ్వితే ఊరంతా నవ్వేది. ఆఖర్న ఆ ముఖంలో ఏమీ కదిలేది కాదు."

డాక్టరు ఏమన్నాడని అడిగాను. వెళ్లలేదంది. ఎందుకని అడిగితే, వాళ్లు పేరు పెడితే అది నిజమైపోతుందంది.

"పేరు పెట్టకపోయినా బ్రష్ వణుకుతూనే ఉంది కదా ఆంటీ" అన్నాను. అన్నాక, అంత మాట ఎలా అన్నానా అని భయమేసింది. ఆవిడ నా కంటికేసి చూసి, ఎర్రబడింది అంది. సోమవారం నేను వస్తాను, సర్కారు పాలీక్లినిక్‌కు పోదాం అన్నాను.

ఇంటికొచ్చి మా ఆయనకు చెప్పాను. ఆఫీసులో కొత్త సాఫ్ట్‌వేర్ రిలీజ్ ఉందని, సోమవారం లీవు దొరకడం కష్టమని కూడా చెప్పాను. ఆయన టీవీ ఆపి, "ఆమెకు ఎవ్వరు లేరంటివి గద. మరి నువ్వు పోకుంటె ఎవరు పోతరు? పాపను బడికాడ నేను దింపుత, పో" అన్నాడు. లీవు ఇచ్చారు. దొరకదని నేనే అనుకున్నాను తప్ప మేనేజరు ఒక్క ప్రశ్న అడగలేదు.

సోమవారం ఆవిడ నాకంటే ముందే లిఫ్టు దగ్గర నిలబడి ఉంది, ఇస్త్రీ చేసిన నీలం చొక్కాతో. డాక్టరు కుర్రవాడే కాని నిదానస్తుడు. అక్కయ్య జబ్బు సంగతి నేనే చెప్పాను. ఆవిడను నడిపించాడు, కాగితం మీద సున్నాలు చుట్టమన్నాడు, చేతులు చాచమన్నాడు. నిద్ర పడుతుందా, గుండె దడగా ఉంటుందా, వేడి తట్టుకోలేకపోతున్నారా అని అడిగాడు. పట్టడం లేదు, ఉంది, అవును అంది ఆవిడ. రక్తం తీసుకుని శుక్రవారం రమ్మన్నారు.

ఆ నాలుగు రోజులు నేను పని చేశానో లేదో నాకే తెలియదు. ఏమీ చేయలేక ఫోన్ చూసుకుంటూ కూర్చుంటే మా అమ్మాయి, "జస్ట్ కాల్ హర్ లా, అమ్మా" అంది ఇక్కడి యాసలో. చేశాను, ఆవిడ తీయలేదు. గురువారం ఆఫీసు నుంచి నేరుగా ఆంగ్ మో కియో వెళ్లాను. హాల్లో నేల మీద డబ్బాలు వరసగా ఉన్నాయి. బ్రష్షులన్నీ కడిగి, రంగులు సర్ది, ఒక్కో డబ్బా మీద ఒక్కో విద్యార్థి పేరు రాసింది. నా పేరున్న డబ్బా పెద్దది. అందులో ఆవిడ గురువు, ఆ మేకప్ పెద్దాయన, ఆవిడకు ఇచ్చిన బ్రష్షు ఉంది, పిడి అరిగి నల్లబడింది. రేపు తీసుకెళ్లమంది. నేను ఆ డబ్బా వైపు మళ్లీ చూడలేదు. వంటింట్లోకి వెళ్లి టీ పెట్టాను.

శుక్రవారం డాక్టరు మేము కూర్చోకముందే, "మీరు భయపడ్డ జబ్బు కాదు ఆంటీ" అన్నాడు. తరువాత నెమ్మదిగా చెప్పాడు. మెడలో ఉండే థైరాయిడ్ గ్రంథి అతిగా పని చేస్తోంది. వణుకు, చిక్కిపోవడం, నిద్ర పట్టకపోవడం అన్నీ దాని వల్లే. మాత్రలతో తగ్గుతుంది, పెద్దాసుపత్రిలో స్పెషలిస్టుకు చూపించుకోవాలి, రక్తం పరీక్షలు చేయించుకుంటూ ఉండాలి. మీ నడకలో, ముఖంలో, రాతలో మీ అక్కయ్య జబ్బు లక్షణాలేవీ నాకు కనబడలేదు అన్నాడు. ఆవిడ ఆ మాట ఇంకోసారి చెప్పమంది. చెప్పాడు. మూడోసారి అడగబోయి ఆగిపోయి, తల వంచి నమస్కారం పెట్టింది.

బయటికొచ్చి మెట్ల పక్క బెంచీ మీద కూర్చున్నాం. ఆవిడ ఏడుస్తుందేమో అనుకున్నాను. ఏడ్చింది నేను. ఆవిడ నా భుజం మీద రెండుసార్లు తట్టి, ఆకలేస్తోందంది. పక్కనే ఉన్న తిండి దుకాణాల హాకర్ సెంటరులో తన గొడుగు బల్ల మీద పెట్టి చోటు పట్టి, ఒక ప్లేటు చికెన్ రైస్ పూర్తిగా తిని, నా దాంట్లోంచి కూడా రెండు ముక్కలు తీసుకుంది. నోట్లో ముద్ద పెట్టుకుని, "ఆ డబ్బా నీకు ఇప్పుడే ఇవ్వను" అంది. నాకు నవ్వాగలేదు. పక్క బల్ల దగ్గరి తాత మా వైపు తిరిగి చూశాడు.

మాత్రలు మొదలైన వారానికే దడ తగ్గింది. రెండు నెలలకు గడియారం మణికట్టు దగ్గర ఆగింది. కప్పు, సాసరు మాట్లాడటం మానేశాయి. అప్పుడు ఆవిడ దర్శకురాలికి ఫోన్ చేసింది. నేను పక్కనే ఉన్నాను. వేషం వేస్తాను, కాని వణుకు పోయింది, పర్వాలేదా అని అడిగింది. అవతల ఆ అమ్మాయి కాసేపు తడబడి ఉంటుంది. ఈవిడ విని, "కావాలంటే నటిస్తాను" అంది. తరువాత ఫోన్ చేత్తో మూసి, మేకప్ ఎవరని అడుగుతోందని నాతో చెప్పి, నేను ఏదైనా అనేలోపు నా పేరు చెప్పేసింది.

షూటింగ్ రోజు పొద్దున్నే ఆరింటికి వెళ్లాను. ఒక పాత ఫ్లాటు, చిన్న బెడ్‌రూములో కుర్చీ, అద్దం. డెబ్బై ఏడేళ్ల ముఖాన్ని తొంభై దాకా తీసుకెళ్లాలి. ఆవిడ కుర్చీలో కూర్చుని కళ్లు మూసుకుంది. ఏదైనా తప్పు చేస్తే చెప్పమన్నాను. ఇవాళ నేను టీచర్ని కాను, ఆర్టిస్టుని అంది. గంటన్నర పట్టింది. చర్మం సాగదీసి, పూసి, ఆరబెట్టి, వదిలాను. చెంపలు, కళ్ల కింద, పెదవుల చుట్టూ, చేతుల వెనక. ఆవిడ నేర్పినట్టే ఎక్కడా గీత గీయలేదు, ఆ ముఖంలో ఉన్న రంగులనే కొంచెం అలసిపోనిచ్చాను. నా చేతులే వణుకుతాయని రాత్రంతా భయపడ్డాను, వణకలేదు.

కళ్లు తెరిచి అద్దంలోకి చాలాసేపు చూసుకుంది.

"మా అక్క" అంది అంతే. లేచి సెట్టు మీదికి వెళ్లింది.

కిటికీ పక్కన కూర్చున్న ముసలావిడ, ఎదురుగా టీ కప్పు. ఎవరో వస్తారని ఎదురుచూస్తూ కప్పు ఎత్తి తాగాలి. అదే షాటు. కెమెరా మొదలైంది. ఆవిడ కుడి చేయి ఒళ్లో ఉంది. కాసేపటికి బొటనవేలు చూపుడువేలి మీద మెల్లగా కదలడం మొదలైంది, కనబడని మాత్రనేదో నలుపుతున్నట్టు. తరువాత చేయంతా. ఇది నేను చూసిన వణుకు కాదు, ఇది వేరే. ముఖంలో ఒక్క కండరం కదలడం లేదు. డాక్టరు పొరబడ్డాడా, మేము అంత సంతోషపడింది దీనికేనా అనుకున్నాను. కప్పు పెదవి దాకా వెళ్లి, తాగకుండానే కిందికి దిగింది.

కట్ చెప్పి దర్శకురాలు పరుగున వచ్చింది. చేతిలో నీళ్ల సీసా. మోకాళ్ల మీద కూర్చుని, "ఆంటీ, మళ్లీ వచ్చిందా? మందు వేసుకున్నారా? ఆపేద్దామా?" అని అడిగింది. ఆ అమ్మాయి ముఖం పాలిపోయి ఉంది.

ఆవిడ కుడి చేయి చాచి, వేళ్లు విడదీసి, ఆ అమ్మాయి ముఖం ముందు పట్టింది. గోడకు కొట్టిన మేకులా కదలకుండా ఉంది.

"ఇది నాది కాదు. మా అక్కది" అంది. "పదకొండేళ్లు, జపాన్ వెళ్లినప్పుడల్లా చూశాను."

గదిలో ఎవరో చప్పట్లు కొట్టారు, తరువాత అందరూ కొట్టారు. దర్శకురాలు కొట్టలేదు, ఆ చేతిని రెండు చేతులతో పట్టుకుని అలాగే కూర్చుండిపోయింది. నేను గోడకు ఆనుకుని నిలబడ్డాను. మేకప్ ఎలా ఉందని ఆ రోజు ఒక్కరూ అనలేదు. నాకు దానికంటే పెద్ద మెప్పు అక్కర్లేదనిపించింది.

రెండింటికి పని అయిపోయింది. గోరువెచ్చటి నూనెతో ఆ ముడతలను కొస నుంచి మెల్లగా లేపుతూ తీశాను. నేను తీస్తుండగానే ఆవిడ నిద్రపోయింది, నోరు కొంచెం తెరుచుకుని, హాయిగా. సగం ముఖం తొంభై, సగం ముఖం డెబ్బై ఏడు. మిగతా సగం తొందరపడకుండా తీశాను.

సినిమా ఇంకా ఎడిటింగ్‌లో ఉంది. క్లాసులు మళ్లీ మొదలయ్యాయి, కొత్తగా ఇద్దరు చేరారు. మూడు నెలలకోసారి రక్తం పరీక్షకు ఆవిడతో నేనే వెళుతున్నాను.

ఆ షూటింగ్ రోజు ఆవిడను ఇంట్లో దింపి రైలెక్కాను. జురాంగ్ ఈస్ట్‌లో మారి కూర్చున్నది గుర్తుంది, మా స్టేషన్ దాటింది గుర్తు లేదు. ఎవరో అంకుల్ భుజం తట్టి లేపితే కళ్లు తెరిచాను. లైను చిట్టచివర, తువాస్‌లో ఉన్నాను. ఇంటి నుంచి ఫోన్ మోగుతోంది.

"ఏడున్నవ్?" అన్నాడు మా ఆయన.

"తువాస్‌ల."

"గాడేం పనే నీకు?"

నిద్రపోయానని చెప్పాను. ఆయన అటునుంచి నవ్వడం వినబడింది. ఎదురు ప్లాట్‌ఫారం మీద ఖాళీ రైలు తలుపులు తెరుచుకుని ఉంది. వెళ్లి కూర్చున్నాను.